బొమ్మలాట ఉన్న పక్క

మా నాన్న సౌదీ నుంచి ఉత్తరాలు రాసేవాడు కాదు. క్యాసెట్టులో మాట్లాడి, ఊరికి వచ్చేవాళ్లతో పంపేవాడు. కోరుట్లలో మా వాడకట్టంతా అదే పద్ధతి. ఆ గొంతు కోసం మేమెంత ఆరాటపడేవాళ్లమో, ఆ మాటలు అంత చప్పగా ఉండేవి. పంచాయితీలో సాక్ష్యం చెప్పినట్టు, అందరూ మంచిగున్నరా, నేను మంచిగున్న అని ఆగిపోయేవాడు.

ఒకసారి వచ్చిన క్యాసెట్టు రెండో పక్కన ఇంకేదో ఉంది. నాన్న గదిలో ఉండే ఇండోనేషియా అతను వాళ్ల దేశపు తోలుబొమ్మలాట టేపు తెచ్చుకున్నాడట. రెండు టేప్‌రికార్డర్లు ఎదురెదురుగా పెట్టి నాన్న దాన్ని మాకోసం ఎక్కించాడు. కథ రామాయణమే. కంచు గంటలు, డోళ్లు మోగుతుంటే ఒక్కడే అందరి గొంతులూ పలికేవాడు. మధ్యలో హాస్యగాళ్ల బొమ్మలు వచ్చేవి, ఆ వెంటనే ఎలక్ట్రిక్ గిటారుతో ఒకామె హుషారు పాట. రామాయణంలో గిటారేమిటని నానమ్మ మూతి తిప్పింది. కొన్నాళ్లకు ఆ పాటకు తల ఊపిందీ ఆమే. మా అరుగు మీద బీడీలు చుట్టే ఆడవాళ్లకు ఒక్క ముక్క అర్థం కాకున్నా, ఈ ఏడుపు సీతదా మండోదరిదా అని వాదులాడుకునేవాళ్లు. అమ్మ మాత్రం హాస్యగాళ్లు రాగానే బీడీ చుట్టడం ఆపేది. ఆమె దేనికీ చేతులు ఆపే మనిషి కాదు.

అవి నక్సలైట్ అన్నల కోసం పోలీసులు ఇళ్లు గాలిస్తున్న రోజులు. వాళ్ల డప్పు పాటల క్యాసెట్టు దొరికితే మగవాళ్లను ఠాణాకు తీసుకుపోయేవారు. పక్క వాడలో సోదాలు మొదలయ్యాయని తెలియగానే తాతకు ఆ బొమ్మలాట క్యాసెట్టు గుర్తొచ్చింది. తెలియని భాష, డోలు చప్పుడు, ఎవరికేమని చెప్పుకుంటాం? క్యాసెట్టును పొయ్యిలో వేయమన్నాడు. మామ మాటకు ఎన్నడూ ఎదురు చెప్పని అమ్మ దాన్ని కొంగులో పట్టుకుని కదలకుండా నిలబడింది. తరువాత టేప్‌రికార్డర్లో పెట్టి, చప్పుడు తగ్గించి, తాత చెవి దగ్గరకు తెచ్చింది.

"ఒక్కపారి ఇను మామా. బొమ్మలోడు నవ్విచ్చినప్పుడు అండ్ల నీ కొడుకు నవ్వుతున్నడు."

నిజమే. బొమ్మలాటతో పాటే టేపులోకెక్కిన ఆ గదిలోని మగవాళ్ల నవ్వుల్లో అందరికన్నా చివర ఆగేది నాన్న నవ్వు. మంచిగున్న అని మాకు అప్పజెప్పిన గొంతు కాదది, ఆ కాసేపైనా నిజంగా మంచిగున్న గొంతు. అమ్మ ఇన్నాళ్లూ ఒక్కతే దాన్ని దాచుకుందని తెలిసి నాకు ఏడుపొచ్చింది.

తాత కండువాతో కళ్లు తుడుచుకుని, అరుగు మీదికి వెళ్లి వాకిలికి అడ్డంగా కూర్చున్నాడు.

"అచ్చినోళ్లతోని నేను మాట్లాడుత. గది మల్లొక్కపారి పెట్టు బిడ్డా."