లేజరుకి ముందు నందివర్ధనం

మా తమ్ముడి కూతురు కోరాపుట్‌లో బ్యాంకు ఉద్యోగంలో చేరినప్పటినుంచీ నా దగ్గరే ఉంటోంది. మొన్న ఆదివారం పొద్దున్న కళ్ళలోని లెన్సులు తీసేసి, వాటి డబ్బాని శుభ్రంగా కడిగి వంటింటి కిటికీ గట్టు మీద బోర్లించి, ఇంక దీంతో పని లేదత్తా, విశాఖపట్నంలో లేజరు చేయించుకునేదాకా కళ్ళద్దాలే అని ఎంతో తేలిగ్గా చెప్పేసి, సోడాబుడ్డి అద్దాలు ముక్కు మీదికి తోసుకుంటూ కాఫీ కలుపుకోడానికి వెళ్ళిపోయింది. రెండు మూతల ఆ చిన్న డబ్బా ఖాళీగా ఎండలో ఆరుతుంటే నాకు గుండె ఝల్లుమంది. ఇరవై ఏళ్ళు దాటినా ఆ భయం నన్ను వదల్లేదని అప్పుడు తెలిసింది.

మన ఈడువాళ్ళకి నేను వివరించి చెప్పనక్కర్లేదు. మన రోజుల్లో ఆడపిల్లకి చిన్నతనంలోనే కళ్ళద్దాలొస్తే ఇంట్లో పెద్ద విషాదం. శ్రీకాకుళం వైపునుంచి రైల్వే ఉద్యోగం మీద రాయగడ వచ్చిన మా నాన్న నాకు మొదటిసారి అద్దాలు కొని తెచ్చిన రోజున, మాతోనే ఉండే మా మేనత్త, నాన్నకి అప్పగారు, అన్నం ముందు కూర్చుని కళ్ళు తుడుచుకుంది. పిల్లాజెల్లా లేని మనిషి, నన్ను చంటిపిల్లప్పటినుంచీ ఆవిడే పెంచింది. శుక్రవారం తలంటి, తన చేత్తో ఆముదం దీపానికి పట్టిన కాటుక నా కళ్ళకి దిద్దితేగాని ఆవిడకి వారం గడిచినట్టుండేది కాదు. ఆ కళ్ళు ఎవరికీ ఆనని దూరాలు చూడాలని ఆవిడ కోరిక. వాటికేమో నల్లబల్ల మీద అక్షరాలే ఆనలేదు.

కాలేజీలో ఉండగా గట్టి రకం లెన్సులు పెట్టుకోవడం నేర్చుకున్నాను. తర్వాత కోరాపుట్ వైపు అల్యూమినా ఫ్యాక్టరీ ప్రయోగశాలలో కెమిస్టుగా చేరాను. వారమంతా అక్కడి హాస్టల్లో ఉండి, సెలవు రోజున కోరాపుట్ నుంచొచ్చే పాసింజరెక్కి రాయగడ క్వార్టర్స్‌కి వచ్చేదాన్ని. ఆ పని నాకు ప్రాణం. బాక్సైటుని కాస్టిక్ సోడాలో ఉడికించిన ద్రవం నమూనా తెచ్చి నా బల్ల మీద పెడితే, అందులో ఏ పాళ్ళు ఎంతున్నాయో తేల్చి చెప్పేదాకా నాకు ఆకలి కూడా తెలిసేది కాదు. మా సెక్షన్లో ఆడవాళ్ళం ఇద్దరమే ఉండేవాళ్ళం కాబట్టి, ఆ కుర్చీ వదులుకోవడమంటే నాకు ఓడిపోయినట్టే.

అలాంటి సమయంలో కొత్తగా వచ్చిన సేఫ్టీ ఆఫీసరు, కాస్టిక్ ఉన్నచోట లెన్సులు పెట్టుకుని తిరగడానికి వీల్లేదన్నాడు. ఒక్క చుక్క ఎగిరి లెన్సు కింద చేరితే కడిగేలోపు కన్ను పోతుందన్నాడు. నిజమే, అందులో తప్పు పట్టడానికేం లేదు. పోనీ కళ్ళద్దాలు పెట్టుకుందామా అంటే, నా అద్దాల మందానికి వాటి మీద రక్షణ కళ్ళజోడు కూర్చునేది కాదు, సందులు మిగిలిపోయేవి. కళ్ళు బాగుచేయించుకుని రా, లేదంటే స్టోర్సు ఆఫీసులో కూర్చో అని మా పైఅధికారి గడువు పెట్టాడు. అప్పుడే విశాఖపట్నంలో లేజరు సంగతి విని, నాన్నని తీసుకుని వెళ్ళాను.

అక్కడి డాక్టరు గారు చెప్పిన మొదటి మాట, ఈపూటనుంచీ లెన్సులు మానెయ్యాలని. గట్టి లెన్సు ఏళ్ళ తరబడి నల్లగుడ్డు మీది పొరని నొక్కి దాని ఆకారం మార్చేస్తుందట. కన్ను తన అసలు రూపానికొచ్చాక కొలిస్తేనే ఆ కొలత నమ్మదగ్గది. అది రావడానికి కొన్ని వారాలు పట్టచ్చు. ఆ పొర మరీ పలచనైతే లేజరు చెయ్యనే చెయ్యరు. నాకున్నవి రెండే కళ్ళు, వాటి మీద ఆధారపడిందేమో నా కుర్చీ. ఆ వారాలు ఎలా గడిచాయో నాకే తెలుసు. గడువు దాటకూడదని సెలవు పెట్టి ఇంట్లోనే ఉండిపోయాను. ఆపరేషనప్పుడు వెలిగే చుక్కనే కదలకుండా చూడాలి, కన్ను అటూ ఇటూ పోకూడదు అన్నారని, రోజూ పొద్దున్న దేవుడి గూట్లో దీపం ముందు కూర్చుని ఆ వత్తినే గుడ్లప్పగించి చూస్తూ సాధన చేసేదాన్ని. కళ్ళు మండి నీళ్ళు కారేవి. మా అత్త గుమ్మంలో నిలబడి చూసి, ఈ పిల్లకి గాలి సోకిందేమోనని మా అమ్మతో గుసగుసలాడింది.

మళ్ళీ వెళితే కొలతలు తీసి, పొర మందం సరిపోతుందన్నారు. మామూలుగా ఈపాటికి కన్ను కుదురుకుంటుంది అని చెప్పి, ఆ కొలతల మీదే ఆపరేషనుకి తారీకిచ్చారు. అది మా గడువులోపలే పడింది. తలస్నానం చేసి రమ్మన్నారు, అత్తరు, పౌడరు, కాటుక ఏమీ వద్దన్నారు, కంట్లో తామిచ్చిన మందు తప్ప ఇంకేదీ పడకూడదన్నారు. ఇంటికొచ్చి ఇవన్నీ చెబితే మా అత్తకి మిగతావేవీ పట్టలేదు, కాటుక వద్దన్న మాట దగ్గరే ఆగిపోయింది. కంటి మీద కత్తి పెడతామన్నవాళ్ళ దగ్గరికి పిల్లని ఉత్తి కళ్ళతో పంపడం ఎక్కడైనా ఉందా అని రెండు రోజులు సణిగింది. కత్తి కాదు, వెలుతురు అని నాన్న చెప్పాడు. వెలుతురు కోస్తుందా అని నవ్వి ఊరుకుంది. ఆ ఊరుకోవడాన్ని మేమెవరమూ అనుమానించలేదు.

బయల్దేరే ముందురోజు మధ్యాహ్నం భోంచేసి చాప మీద వాలాను. అత్త వచ్చి పక్కన కూర్చుని నుదురు నిమిరింది. ఆ చెయ్యి పడితే నాకు చిన్నప్పటినుంచీ నిద్ర ముంచుకొచ్చేది. రెప్పల మీద చల్లగా తగిలింది. పెరట్లోని నందివర్ధనం పూలు నీళ్ళలో తడిపి పెట్టిందనుకున్నాను. పూలు పైన పెడితే ఏం పోతుందిలే అని ఊరుకున్నాను. అంతలో ఆవిడ వేలు నా రెప్ప ఎత్తింది, ఒక కంట్లో, వెంటనే రెండో కంట్లో చుక్కలు పడ్డాయి. ఉలిక్కిపడి లేచాను.

"ఏటయిపోనాదే? నందివర్ధనం రసంల బాలింత పాలు కలిపేను. నీ సిన్నప్పుడు ఎన్నిసార్లెయ్యనేదు? సలవ సేస్తాది, పడుకోయే అమ్మీ," అంది.

బాలింత పాలు ఎక్కడివంటే, పక్క క్వార్టర్లో ఒడియావాళ్ళమ్మాయి పురిటికొచ్చి ఉంది, ఆ పిల్లనడిగి గిన్నెలో తెచ్చిందట. మన వైపు కళ్ళు ఎర్రబడితే ఇళ్ళలో చేసే వైద్యమే అది. మా అమ్మకీ నాన్నకీ కూడా ఏదో ఒకప్పుడు ఆవిడే వేసింది. కాని నేను పెరట్లో తొట్టి దగ్గరికి పరిగెత్తి ఎంత కడుక్కున్నా, సాయంత్రానికి కళ్ళు చింతనిప్పులయ్యాయి. పొద్దున్న రైల్లో పార్వతీపురం దాటేసరికి రెప్పలు అంటుకుపోతున్నాయి. నాన్న కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చున్నాడు.

డాక్టరు గారు చూసి, నాన్నకి గట్టిగా తలంటు పోశారు. ఆపరేషను మాట అటుంచి, ఈ చీము పొరకి ఎక్కితే చూపే పోతుందన్నారు. మందులు రాసి పంపించేశారు. ఇంటికొచ్చాక నాన్న జన్మలో మొదటిసారి అప్పగారి మీద అరిచాడు. నేను ఆవిడతో మాట్లాడటం మానేశాను. ఎవరు పిలిచినా ఆవిడ అన్నానికి లేవలేదు, పెరట్లో ఆ పూలచెట్టు కిందే పీట వేసుకుని కూర్చుండిపోయింది. గడువు దాటిపోయింది. ప్రయోగశాలలో నా కుర్చీ ఇంకొకరికిచ్చారని ఫ్యాక్టరీనుంచి కబురొచ్చింది. ఆ రోజు నేను గది తలుపేసుకుని వెక్కి వెక్కి ఏడ్చాను, కళ్ళకి ఏడుపు మంచిది కాదని తెలిసి కూడా ఏడ్చాను.

చాన్నాళ్ళకి కళ్ళు పూర్తిగా తేటపడ్డాక మళ్ళీ విశాఖపట్నం వెళ్ళాం. ఇంతకాలం గడిచింది కదా అని డాక్టరు గారు అన్ని కొలతలూ కొత్తగా తీయించారు. పాత కాగితం పక్కన కొత్త కాగితం పెట్టుకుని చాలాసేపు చూశారు. పొర చాలదంటారనుకున్నాను. కుడికన్ను ఆకారం అప్పటికీ ఇప్పటికీ మారిందట. లెన్సు నొక్కుడు తగ్గడానికి కొందరికి ఎక్కువ కాలం పడుతుందని చెప్పి, ఆయనే ముందుకు వంగి అన్నారు.

"ఆ రోజు పాత కొలతలతో చేసేసి ఉంటే, ఈ కంటికి జీవితాంతం ప్రతిదీ మసగ్గా, రెండుగా కనబడేదమ్మా. మీ పెద్దావిడ చేసింది మాత్రం తప్పే. ఇంకెప్పుడూ చెయ్యనివ్వకండి."

వరసగా తీసిన కొలతలు ఒకదానితో ఒకటి సరిపోయేదాకా ఇంకా ఆగి, అప్పుడు చేశారు. నేను దేవుడి గూట్లో సాధన చేసినట్టే ఆ చుక్కని చూస్తూ పడుకున్నాను. రెప్ప వెయ్యకుండా పట్టి ఉంచే క్లిప్పు, ఏదో కాలిన వాసన. అంతే, అయిపోయింది. ఫ్యాక్టరీలో కొన్నాళ్ళు స్టోర్సులో కూర్చున్నాక ఎవరో బదిలీ అయితే మళ్ళీ నా బల్ల దగ్గరికి చేరాను. ఆలస్యమైతేనేం, కళ్ళున్నాయి.

ఆపరేషనై ఇంటికి తిరిగొచ్చిన రోజున అత్త ఎదురుగా రాలేదు, తలుపు చాటునే నిలబడింది. నేను వెళ్ళి డాక్టరు గారన్న రెండు మాటలూ చెప్పాను, తప్పే అన్నదీ, కన్ను దక్కిందన్నదీ. ఆవిడ మొదటి మాట వినలేదు. మర్నాటికల్లా రైల్వే కాలనీ అంతటికీ తెలిసిపోయింది, మా అమ్మి కన్ను నా పసరే నిలబెట్టిందని. నాన్న తల కొట్టుకున్నాడు. నేను మాత్రం ఎవరికీ కాదని చెప్పలేదు, ఆవిడ మళ్ళీ మాతో కూర్చుని అన్నం తింటోందని అంతే.

అత్త పోయి చాలా కాలమైంది. నాన్న రిటైరయ్యాక ఆ క్వార్టర్సూ ఖాళీ చేశాం. నాకు ఇప్పుడు దూరం చూపు బాగానే ఉంది గాని, పేపరు చదవడానికి మళ్ళీ అద్దాలొచ్చాయి. ఇక్కడ పెరట్లో నేనూ ఒక నందివర్ధనం పెట్టుకున్నాను. మా మేనకోడలికి అన్నీ ఫోనే చెబుతుంది, లెన్సులు ఎప్పుడు మానాలో, కొలతలు మళ్ళీ ఎప్పుడో, తలస్నానం ఎప్పుడో. ఎవరి సాయం అక్కర్లేకుండా అన్నీ సరిగ్గా చేసుకుంటోంది. మంచిదే, నేను పడ్డ అవస్థ దానికొద్దు.

నిన్న సాయంత్రం ఆఫీసునుంచి వచ్చి తలనొప్పని పడుకుంటే, నాలుగు పూలు కోసి నీళ్ళలో తడిపి తెచ్చాను. కంట్లో ఏమీ వెయ్యనులేమ్మా, మూసిన రెప్పల మీద ఒక్క నిమిషం పెట్టనా అని అడిగాను. వద్దత్తా, ఏదీ తగలకూడదన్నారు అంది. నిజమే కదా అని పూలు గిన్నెలోనే ఉంచి, దీపం తగ్గించి ఇవతలికొచ్చాను. మా అత్త అయితే అడిగేది కాదు.