‘నా మిషన్‌లో నడిచింది’

మార్కాపురంలో పెళ్లిపత్రికలు కంపోజ్ చేయడంలో నన్ను మించినవాడు లేడని చెప్పుకుంటూ తిరిగేవాణ్ణి. చెప్పింది నేనొక్కణ్ణే. మేము వాడే తెలుగు టైపింగు సాఫ్ట్‌వేర్ చేసిన కంపెనీ ఎప్పుడో మూతపడింది. కొత్త కంప్యూటర్లలో అది నడవదు. అందుకని పాత డీటీపీ వాళ్లం కొందరం వాట్సాప్‌లో ఒక గ్రూపు పెట్టుకున్నాం. తెలిసినవాళ్లు దానికి మరమ్మతు ఫైళ్లు చేసి పెడతారు, మిగతావాళ్లం దించుకుంటాం. ఒకటే కట్టుబాటు: ముందు ఎవరైనా ఒకరు వారం రోజులు వాడి చూసి ‘నా మిషన్‌లో నడిచింది’ అని రాయాలి. ఆ మాట కనబడేదాకా రెండోవాళ్లు ఫైలు ముట్టుకోరు.

నిరుడు వచ్చిన ఫైలును పదిహేను రోజులు కూర్చుని నేనే తయారుచేశానని టీ కొట్టు దగ్గర చెప్పాను. అబద్ధం. చేసింది గ్రూపులోని గిద్దలూరాయన. నేను వాడి చూశానంతే. అదీ అబద్ధమే. నా కంప్యూటర్ ఎంత పాతదంటే దానికి ఏ మరమ్మతూ అక్కర్లేదు. ఇంకెవరైనా ముందు రాసేస్తారేమోనని ‘నడిచింది’ అని రాసేశాను.

మా గ్రూపులోనే యర్రగొండపాలెం చెల్లెమ్మ ఒకామె చర్చి పాటల పుస్తకం కంపోజ్ చేస్తోంది. కూలికి పోయే ఆడవాళ్లు సొంతంగా కట్టుకున్న పాటలు, ఎక్కడా అచ్చుకానివి, తొమ్మిదేళ్లుగా వాళ్ల నోట విని టైపు చేసుకుంది. నా మాట నమ్మి కొత్త కంప్యూటర్‌లో ఆ ఫైలు ఎక్కించింది. పెన్‌డ్రైవ్‌లోని పాటలన్నీ తెరిచి మళ్లీ సేవ్ చేసింది. మర్నాటికి ఒక్కటీ తెరుచుకోలేదు. వేరే కాపీ లేదు.

ఫోన్ చేసింది. “అన్నా, నీకు నడిచింది గదా, నాకెందుకు నడవలా? నేనేం తప్పు చేసినానో చెప్పన్నా.”

“నీ మిషన్‌లోనే ఏదో తేడా ఉంటాదమ్మా” అన్నాను.

ఆ మాటతో మూడు రోజులు అన్నం సయించలేదు. నాలుగోనాడు నా పాత కంప్యూటర్‌ను గోనెసంచిలో కట్టి బస్సెక్కాను.

“ఏందన్నా, మూటతో వచ్చినావు?”

“నేనా ఫైలు వాడనే లేదమ్మా.”

“మరి నడిచిందని ఎందుకు రాసినావు?”

“గొప్పకు.”

“నాకొక్కదానికి చెప్తే సరిపోతాదా? గ్రూపులో పెట్టు” అంది. ఆమె కళ్లెదుటే పెట్టాను. అప్పుడు కుర్చీ జరిపింది. “పాడతా. టైపు కొట్టు.”

సాయంత్రానికి పదకొండు పాటలయ్యాయి. పన్నెండోది పుల్లలచెరువు వైపు ముసలమ్మ కట్టింది. ఆ ముసలమ్మ మొన్న వానాకాలంలో చనిపోయింది. రెండో చరణం దగ్గర చెల్లెమ్మ ఆగిపోయింది.

“కంది కోతల మాటేదో వస్తాది. గుర్తు రావడంలా అన్నా.”

నాలుగు పంక్తులు నేను కట్టేయగలను. ఎవరికీ తెలియదు. నోటిదాకా వచ్చింది కూడా.

నాలుగు పంక్తుల జాగా ఖాళీగా వదిలాను.

“మూడో చరణం పాడమ్మా” అన్నాను.