ఆదిలక్ష్మమ్మ గొంతు

జాలరిపేటలో పుట్టిన ఆదిలక్ష్మమ్మ పాతికేళ్లుగా నాటకాల్లో తల్లి వేషాలు వేస్తోంది. రోజూ పొద్దున్నే ఉప్పునీళ్లు పుక్కిలిస్తుంది. మైకు పోయినా ఆఖరి వరసకి వినబడే గొంతు ఆమెది. తొంభై ఆరులో భీమిలి షూటింగులో జాలరి తల్లి వేషం, ఒకే ఒక్క డైలాగు దొరికింది. ఆ సినిమా గోపాలపట్నం వచ్చిననాడు పేటంతా ఆమె వెంట హాలుకి కదిలింది. తెరమీద పెదాలు ఆమెవే, వినబడిన గొంతు మాత్రం ఎవరిదో!

"నీ నోట్లోంచి మాటాడతన్నదెవులప్పా?" అంది పక్కనున్న ఈశ్వరి.

జాలరి యాస జనానికి ఎక్కదని జాలరి తల్లికే గొంతు మార్చేశారు. ఆదిలక్ష్మమ్మ ఇంటర్వెల్లో దీపాలు వెలగగానే కొంగు బిగించి లేచి, తన డైలాగు తనే అందుకుంది.

"ఒరే నాయినా, సముద్దరం మీదికెల్లకురా! నీ అయ్యని మింగిన గంగ ఇంకా ఆకలిమీదే ఉందిరా!"

టీకి లేచినవాళ్లు, ఆఖరి వరసతో సహా, మళ్లీ కూర్చున్నారు.