జొన్నచేనులో జపాను కోటు

ఆమె పోయిందన్న ఫోను పొద్దున పది గంటలకు వచ్చింది. నేను కోడుమూరులో మా చేనులో ఉన్నాను. జొన్నకంకులు పాలు పోసుకుంటున్నాయి. బెంగళూరు ఆఫీసులో ఆమె కింద పనిచేసే అమ్మాయి మాట్లాడింది. "సార్, మేడం మీటింగులో కూర్చున్నట్టే కూర్చుని..." అని ఆగింది. మిగతాది నేను అడగలేదు. గుండె అని తర్వాత చెప్పారు. నా భార్యకు యాభై మూడేళ్ళు.

ఇది చదివే వాళ్ళలో కొందరి ఇళ్ళలో ఆమె పని ఉండే ఉంటుంది. పిల్లల బడిసంచి మీదో, టిఫిన్ డబ్బా మీదో, గుండ్రటి గోధుమరంగు పిట్ట, పక్కకు తిరిగి, ఒకటే కన్నుతో. జపానులో ఒక కుటుంబం నడిపే కంపెనీది ఆ పిట్ట. మా మామ దాన్ని మొదటిసారి చూసి, "ఇది మన కౌజుపిట్ట గదమ్మా. బొమ్మకు గూడా దుడ్లిస్తారా?" అన్నాడు. ఆ కంపెనీ మన దేశంలో అమ్మేది ఆ బొమ్మను అచ్చువేసుకునే అనుమతిని. ఆ అనుమతి ఇవ్వడం, ఇచ్చాక పిట్ట రూపం చెడకుండా చూసుకోవడం ఆమె ఉద్యోగం.

కర్నూలులో బీకాం చదివి, బెంగళూరులో ఒక గుమాస్తా పని చేస్తూ సాయంకాలాలు జపాను భాష నేర్చుకుంది. ఆ కంపెనీ రెండు గదుల ఆఫీసు తెరిచినప్పుడు దుబాసీగా చేరింది. పోయేనాటికి ఇక్కడి వ్యాపారమంతా ఆమె చేతిలో ఉండేది. వారమంతా అక్కడ. శనివారం ఉదయం బస్సు దిగి, చేనుగట్టు మీదుగా ఇంటికి నడిచి వచ్చేది.

నేనెందుకు కోడుమూరులో ఉన్నానో చెప్పాలి. మామకు ఆమె ఒక్కతే కూతురు. కొడుకులు లేని ఇంటికి అల్లుణ్ణి తెచ్చి కొడుకు స్థానంలో పెట్టుకోవడాన్ని మా వైపు ఇల్లటం అంటారు. మాది ఆలూరు. అన్నదమ్ములలో చివరివాణ్ణి. డిగ్రీ చదివి, ఒక ట్రంకు పెట్టెతో ఈ ఇంటికి వచ్చాను. బయలుదేరిన రోజు మా అమ్మ ఏడవలేదు. నేను గడప దాటే సమయానికి లేచి వంటింట్లోకి వెళ్ళిపోయింది. ఆ పక్కన కొత్త పెళ్ళికూతురుగా నిలబడి నా భార్య అది చూసింది. దాని గురించి మేమిద్దరం ఎన్నడూ మాట్లాడుకోలేదు.

మామ నన్ను అల్లుడా అని పిలవలేదు. "నాయనా" అనేవాడు. ఊరు మాత్రం ఇల్లటం అల్లుడనే అనేది.

ఒకసారి ఆ కంపెనీ పెద్దాయన మా ఇంటికి వచ్చాడు. వాకిట్లో నులకమంచం మీద కూర్చుని, జొన్నరొట్టె చిన్న ముక్కలుగా తుంచి తిన్నాడు. శెనక్కాయల ఊరుబిండి పచ్చడి కారానికి కళ్ళలో నీళ్ళు వచ్చినా గిన్నె ఖాళీ చేశాడు. మామ ఊరుకోలేదు.

"ఈయప్పకు భూమి యెంతుండాదో అడుగమ్మా."

"భూమి కాదు నాయనా, కంపెనీ. అదీ ఆయన పెండ్లాం వాళ్ళది. ఆయన ఆ ఇంటికి పోయినోడు. ఇంటిపేరు గూడా వాళ్ళదే పెట్టుకున్న్యాడు."

మామ నిటారుగా కూర్చున్నాడు. "అంటే ఇల్లటమా? జపానులో గూడా ఉండాదా!" అని నా వైపు చెయ్యి చూపించాడు. "ఈ నాయన గూడా అంతేనని చెప్పు."

ఆమె చెప్పింది. ఆ ముసలాయన మంచం మీద నుంచి లేచి, నా ముందుకు వచ్చి, నడుము వంచి నమస్కరించాడు. నాకు ఏం చెయ్యాలో తెలియక చెంబు అందించాను.

శనివారాల్లో ఆమె నమూనా సంచులు నట్టింట్లో పరుచుకుని కూర్చునేది. "ముందు కన్ను చూడు" అనేది. మేకను కొనేటప్పుడూ అదే మాట, ఒప్పందం కాగితం చదివేటప్పుడూ అదే మాట. పిట్టకు ఎక్కడ ఏం మారినా సర్దుకోవచ్చు గానీ కన్ను జరిగితే అది వేరే పిట్ట. ఆ కన్ను సరిగ్గా ఉందని తేల్చే హక్కు ఆ కుటుంబానికే ఉండేది. బయటివాళ్ళలో అది ఆమె ఒక్కదానికే ఇచ్చారు. తనకు వచ్చిన పదోన్నతులన్నిటిలో ఆమె నాకు ఫోను చేసి చెప్పింది అదొక్కటే.

సంచుల ఫ్యాక్టరీ యజమాని ఒకరోజు ఫోనులో బతిమాలుతున్నాడు. చుక్కంత తేడా, వదిలెయ్యమని. ఆమె నవ్వింది. "కన్నుండేదే చుక్కంత గదన్నా." కన్ను తప్పిన సంచులను కత్తెరతో తనే కోసేసేది. అది చూసి పక్కింటామె దెప్పేది.

"కోసి పారేసే బదులు మా పాపకొకటిస్తే నీ సొమ్మేం పోతాది మే?"

"తప్పు పిట్ట మనూర్లో తిరగద్దక్కా" అని, బడి తెరిచే నాటికి అంగట్లో మంచిది కొని ఇచ్చేది. మాకు పిల్లలు లేరు.

ఆరేళ్ళ కిందట, మామ పోయిన మరుసటి ఏడు, జనవరిలో ఆమె టోక్యో నుంచి వచ్చింది. పెట్టెలోంచి ఒక నల్లటి ఉన్ని కోటు తీసింది. బరువుగా, మోకాళ్ళ కింది దాకా ఉంది.

"ఏసుకో, చూస్తా."

వేసుకున్నాను. కొలత తీసినట్టు సరిపోయింది. ఆమె తలుపు దగ్గర నిలబడి నన్నే చూస్తోంది. నేను ఏదో అడుగుతానని ఎదురుచూస్తున్నట్టు ఉంది. అంతలో వీధిలో పోతున్న పక్కింటాయన తొంగి చూశాడు.

"ఏమప్పా, ఎలుగ్గొడ్డు మాదిరుండావే! యాడికి పయనం?"

"చేనుకి. పిట్టలు తోలనీకి" అన్నాను. ఆయన పగలబడి నవ్వాడు. నేనూ నవ్వాను. ఆమె కూడా నవ్వింది.

మాటకు మాటగా అన్నది అక్కడితో ఆపలేదు. ఆ వారమే చేనులో దిష్టిబొమ్మ నిలబెడుతూ, కుండ తలకాయ కింద ఆ కోటు తొడిగాను. నలుగురూ నవ్వుతారని. మా ఎండల్లో దానికి ఇంకో పని లేదని కూడా. శనివారం ఆమె బస్సు దిగి గట్టు మీద ఆగింది. చాలాసేపు చూసింది. తర్వాత చేనులోకి దిగి, కోటు గుండీలు ఒక్కొక్కటే పెట్టింది.

"కన్నే పెట్టల్యా నువ్వు" అని, సంచిలోంచి మార్కర్ పెన్ను తీసి కుండ మీద ఒకటే కన్ను గీసింది. పక్కకు, రోడ్డు వైపు చూసే కన్ను.

నెల తర్వాత రొట్టె చేస్తూ అంది. "టోక్యోకొచ్చి డైరెక్టరుగా ఉండమన్న్యారు. కుటుంబం బయటోళ్ళలో మొదటిదాన్నంట."

"ఏం జెప్పినావు?"

"రాలేనన్న్యా. ఆ చలి నాకు పడదు."

నాకు ఒక్కటే తోచింది. అంత పెద్ద పదవిలో, అంత మంది ముందు, కోడుమూరు ఇల్లటం మొగుణ్ణి పక్కన నిలబెట్టుకోవడం ఆమెకు నామోషీ. అందుకే మానుకుంది. నేను అడ్డు. ఆరేళ్ళు ఆ మాట లోపల పెట్టుకుని ఆమెతో తిన్నాను, తిరిగాను. తక్కువ మాట్లాడాను. ఏటేటా దిష్టిబొమ్మ నిలబెట్టేవాణ్ణి. ఏటేటా ఆమె వచ్చి, వెలిసిన కన్నును మళ్ళీ గీసేది.

పెద్దదినం కర్మ నాడు ఆఫీసు అమ్మాయి వచ్చింది. పెద్దాయన నాకు రాసిన ఉత్తరం తెచ్చింది. నట్టింట్లో కూర్చుని, జపాను భాషలో ఉన్నదాన్ని తెలుగులో మెల్లగా చదివి చెప్పింది.

ఆమె ఆ పదవికి నెల గడువు అడిగిందట. పెద్దాయన భార్యే ఆమెను కోటు కొనడానికి తీసుకువెళ్ళిందట. నా కొలత తెలియక పెద్దాయనకు తొడిగి చూశారు. "భుజాలు మా ఆయనవే" అని నా భార్య అందట. ఆమె వాళ్ళతో అన్న మాట ఆయన రాశాడు: "ఆయన నా కోసం ఒకసారి ఇల్లు వదిలాడు. వాళ్ళమ్మ లోపలికి వెళ్ళిపోవడం చూశాను. ఇంకోసారి వదలమని నా నోటితో అడగను. ఇది ఇస్తాను. వేసుకుని, ఎక్కడికి అని అడిగితే చెప్తాను."

కింద ఇంకో రెండు వాక్యాలు ఉన్నాయి. "నెల తర్వాత రాలేనని చెప్పింది. ఇల్లటం పోయినవాణ్ణి కనుక, ఎందుకని నేను అడగలేదు."

ఆ అమ్మాయి ఉత్తరం మడిచి, "ఆ కోటు ఉందా సార్?" అంది. ఉందన్నాను. ఎక్కడుందో చెప్పలేకపోయాను.

నేను వెళ్ళేవాణ్ణి. టోక్యో అయినా, ఇంకెక్కడికైనా. ఈ సంగతి చెప్పడానికి ఇప్పుడు నాకు మీరే ఉన్నారు.

జొన్న కోత అయిపోయింది. చేనులో కొయ్యకాళ్ళు తప్ప కాపలా కాయవలసిందేమీ లేదు. అయినా బొమ్మను పీకలేదు. కోటు బూడిదరంగుకు తిరిగింది. గుండీలు పెట్టినవి పెట్టినట్టే ఉన్నాయి. కౌజులు దాని నీడలో గింజలు ఏరుకుంటున్నాయి, భయం లేకుండా. ఈ ఏడు ఆమె గీయకముందే పోయింది. కుండ మీద నిరుటి కన్ను సగం వెలిసి, రోడ్డు వైపు, బస్సు ఆగే చోటు వైపు చూస్తోంది. ఆమె మార్కర్ పెన్ను నా జేబులో ఉంది. ఆ కన్ను గీసే అనుమతి నాకు లేదు.