ఆగవలసిన చోట్లు

సజీవుడైన దేవునికి స్తోత్రం. నోరిచ్చినవాడు, పాటిచ్చినవాడు ఆయనే. ఆ నోటితోనే నేను పోగొట్టినదాన్ని చెబుతున్నాను.

అరబ్బు దేశంలో, సూర్ అనే ఊళ్లో, ఒక జపాన్ కుటుంబంలో పెద్దాయనను చూసుకునే పని నాది. జీవితమంతా సినిమాలకు సంగీతం కట్టిన మనిషి. పక్షవాతంతో కుడిచేయి పడిపోయి, కూతురి దగ్గరికి వచ్చారు.

ఆ కూతురే మా మేడమ్. ఆయన సంగతులు ఆమే చెప్పేవారు. ఒక సినిమాలో బిడ్డను పాతిపెట్టి తల్లి ఇంటికి నడిచి వచ్చే చోట, నిర్మాత పిలిపించిన వాయిద్యగాళ్లందరినీ ఊరకే కూర్చోబెట్టి, ఈయన ఒక్క వేణువుతో నాలుగు స్వరాలు ఊదించారట. స్వరాల మధ్యలో ఆ తల్లి అడుగులు వినబడేవట. అప్పటినుంచి అదే ఆయన తీరు. బొమ్మ చూస్తూ స్టాప్‌వాచ్ నొక్కి, ఎక్కడెంత ఊరుకోవాలో ముందు రాసుకుని, తర్వాతే స్వరాలు రాసేవారట.

చనిపోయిన భార్య కోసం కట్టిన ఒక్క పాట రాయకుండా మిగిలిపోయింది. రాయడానికి చేయి లేదు. "ఈ వంకర గొంతు మిగలకూడదు" అని ఫోన్‌లో రికార్డు చేయనివ్వలేదు. నేను నేర్చుకుని పాడితే రికార్డు చేద్దామన్నారు. చర్చిలో పాటలు నడిపించేదాన్ని, రాగాలన్నీ చెవితో పట్టినదాన్ని. ధైర్యంగా ఒప్పుకున్నాను.

రోజూ టీ తాగాక ఆయన ఎడమచేత స్టాప్‌వాచ్ పట్టుకుని కూనిరాగం తీసేవారు. నేను తిరిగి పాడితే తల అడ్డంగా ఊపేవారు.

"నువ్వు పాడుతుంటే నాన్నకు ఊపిరాడడం లేదట సిస్టర్," అన్నారు మేడమ్ నవ్వుతూ. "మధ్యలో ఒక కిటికీ అయినా తెరవమంటున్నారు."

"ఆగితే పాట పడిపోతుంది మేడమ్. మా చర్చిలో ఆగామంటే ఎవరో ఒకరు హల్లెలూయ అందుకుంటారు."

మేడమ్ అది చెప్పగా విని ఆయన తమ భాషలో ఏదో అన్నారు. మేడమ్ మొహమాటపడుతూ నాకు చెప్పారు: "మరి మీ దేవుడికి మాట్లాడే సందు ఎప్పుడు దొరుకుతుందీ అంటున్నారు."

నాకు కోపమొచ్చింది. మౌనానికీ సమయముందని వాక్యంలో చదివినదాన్నే.

ఒక శుక్రవారం నేను ఆరాధన నుంచి వచ్చేసరికి ఆయనకు మళ్లీ పక్షవాతం వచ్చింది. ఇక మాట లేదు, కూనిరాగం లేదు. మేడమ్ ఫోన్ పట్టుకుని "పాడు సిస్టర్" అన్నారు.

స్వరాలన్నీ వచ్చాయి. ఖాళీ ఒక్కటీ రాలేదు. ఆయన ఆగినప్పుడల్లా నేను తర్వాతి స్వరం కోసమే కాచుకున్నాను గాని, ఆ ఆగడాన్ని ఎన్నడూ వినలేదు. తోచిన చోట ఆగి మళ్లీ పాడాను. అవి నా ఖాళీలు. ఆయన బొటనవేలు స్టాప్‌వాచ్ మీదే ఉంది. ఒక్కసారీ నొక్కలేదు. ఇక వినలేనట్టు కళ్లు మూసుకున్నారు.

కోలుకుంటారని డాక్టర్ అనలేదు. నేనూ అనలేను. చదివే మీరు నాతో మోకరించండి. ఆయన ప్రాణానికి నెమ్మది కలగాలని అడగండి. అడిగాక, ఆమెన్ అనేముందు, కాసేపు ఏమీ అనకండి.