ఆదివారం పడిపోయే మనిషి

2022 సెప్టెంబరు. తిరుపతిలో ఒక పెద్దాసుపత్రి చర్మవ్యాధుల వార్డులో నేను స్టాఫ్ నర్సుని. అప్పటికి పద్దెనిమిదేళ్ల సర్వీసు. నాకు తెలియని కేసేముంటుందిలే అన్న పొగరు కూడా ఉండేది, దాచడమెందుకు?

మునిలక్ష్మిది నగరి. ఇంట్లోనే మరమగ్గాలు. నోట్లో, వీపు మీద నీటి బొబ్బలు లేచి, పగిలి, పచ్చి పుండ్లై, అరటాకు మీద తప్ప పడుకోలేని స్థితిలో ఆ ఏడు వేసవిలోనే మా దగ్గరికి వచ్చింది. జబ్బు పేరు పెంఫిగస్. ఒంటిని కాపాడాల్సిన శక్తే పొరబడి సొంత చర్మం మీద పడుతుంది. దానికి మేమిచ్చేది స్టెరాయిడ్ పల్స్. అంటే నెలకోసారి మూడు రోజులు వరుసగా పెద్ద మోతాదు మందును నరానికి ఎక్కిస్తాం. మధ్య రోజుల్లో పొద్దునపూట మాత్రలు.

నాలుగు పల్సులకు పుండ్లు మానాయి. ముఖం గుండ్రంగా ఉబ్బింది, ఆకలి పెరిగింది, మందెక్కించినప్పుడల్లా ఎక్కిళ్లు. "ఎవురో తలుసుకుంటా ఉండారని మా ఆయన ఎగతాళి సేస్తాడు సిస్టరమ్మా" అని నవ్వేది.

అలాంటి మనిషిని ఒక ఆదివారం మధ్యాహ్నం స్ట్రెచర్ మీద తెచ్చారు. వాంతులు. బీపీ బాగా పడిపోయింది. పిలిస్తే పలకడం లేదు. ఇన్ఫెక్షనేమో అని రక్తం తీశాం, ఈసీజీ తీశాం, ఏమీ దొరకలేదు. మాత్రలు కడుపులో నిలవవు కాబట్టి స్టెరాయిడ్ ఇంజెక్షనే ఇచ్చాం. సాయంత్రానికి లేచి కూర్చుని ఉప్మా అడిగింది! సోమవారం ఇంటికి పంపాం.

మరుసటి ఆదివారం మళ్లీ అదే. ఆ పై ఆదివారమూ అదే. ఇదేం ఖర్మ అనుకున్నాం. ఆదివారానికీ ఈ జబ్బుకూ ఏం సంబంధం? మా డాక్టరమ్మ కేస్ షీటు ముందుకీ వెనక్కీ తిప్పుతుంది. నేను తల గోక్కుంటాను. "మాత్రలు సరిగ్గా వేసుకుంటున్నావా?" అని డాక్టరమ్మా, నేనూ, నైటు సిస్టరూ ముగ్గురం మూడుసార్లు అడిగాం. "ఒక్కటి గూడా తప్పలా. టిపను తిన్నాక యేసుకుంటా ఉండాను" అంది, ముగ్గురితోనూ అదే మాట.

మూడో సోమవారం ఆమె భర్త మునిరత్నం నా టేబుల్ ముందుకొచ్చి నిలబడ్డాడు.

"ఇది మందు గాదు సిస్టరమ్మా, ఇసం. ఇంగ ఒక్క మాత్ర గూడా మింగనీను."

ఇన్ని నెలలు వాడిన స్టెరాయిడ్‌ను ఉన్నట్టుండి ఆపితే మనిషి దక్కదు. మెల్లమెల్లగా తగ్గించాలి తప్ప ఆపకూడదు. "ఏమప్పా, భార్యను చంపుకుంటావా?" అని అరిచాను.

"మీరే సంపుతా ఉండారు. వచ్చే శనివారం ఆకరి తలిగ. పొద్దంతా ఒక్కపొద్దుండి సామికి ఈమే వండాల. ఇట్ట పడిపోతా ఉంటే యాడ వండేది?"

ఒక్కపొద్దు! సెప్టెంబరు మధ్యలో మొదలయ్యే పెరటాసి నెల శనివారాల్లో మా వైపు పగలంతా పస్తుండి, సాయంత్రం స్వామికి తలిగ వేసి, అంటే వండినవన్నీ ఆకులో నైవేద్యం పెట్టి, ఆ ప్రసాదంతోనే ఉపవాసం విడుస్తారు. మా ఇంట్లోనూ చేస్తాం. అయినా నా బుర్రకు తట్టలేదు చూడండి.

మంచం దగ్గరికి పరుగున వెళ్లాను. "శనివారం మాత్ర ఎప్పుడు వేసుకున్నావమ్మా?"

"యేసుకోలా."

"ఒక్కటీ తప్పలేదన్నావే!"

"తిన్న రోజల్లా యేసుకున్నాను. టిపను తినకుండా ముట్టుకున్నావంటే కడుపులో పుండు పడతాదని మీరే గదా అరిసినారు? ఆ పొద్దు తినలా. అందుకే ముట్టుకోలా."

డిశ్చార్జి రోజు వార్డంతా వినబడేలా ఆ మాట అరిచింది నేనే. ఆమె అక్షరాలా పాటించింది.

డాక్టరమ్మ భార్యాభర్తలిద్దరినీ కూర్చోబెట్టి చెప్పింది. మన ఒంట్లోనూ రోజూ కొంత స్టెరాయిడ్ తయారవుతుంది. బయటినుంచి ఇస్తుంటే ఒళ్లు ఆ పని మానేస్తుంది. రోజూ ట్యాంకరు వస్తుంటే ఇంటి బోరును వదిలేసినట్టు. ఒకరోజు ట్యాంకరు రాకపోతే బోరు వెంటనే నీళ్లివ్వదు. పస్తుకు తోడు మాత్ర కూడా లేక, ఆదివారం పొద్దున మాత్ర వేసుకునేలోపే వాంతులు మొదలై ఆమె పడిపోతోంది. మేం ఇంజెక్షన్‌తో ఆ లోటు పూడ్చి, ఎందుకు లేచిందో తెలియక తికమక పడుతున్నాం.

"తప్పు నాదే తల్లీ. శనివారం కూడా ఇడ్లీ తిని మాత్ర వేసుకో" అన్నాను. మునిలక్ష్మి తల దించుకుంది. "సామి కార్యం సిస్టరమ్మా" అంది, అంతే. వేసుకుంటానని అనలేదు. మునిరత్నం సంచి సర్దుకుని ఆమెను నడిపించుకుపోయాడు.

ఆ పై ఆదివారం డ్యూటీలో స్ట్రెచర్ చప్పుడైనప్పుడల్లా తలుపు దగ్గరికి పోయాను. ఆమె రాలేదు. బాగుండి రాలేదా, మాత్రలన్నీ ఆపేసి ఇంట్లోనే పడి ఉందా? ఫోన్ చేస్తే ఎత్తలేదు. నా మాట విని నమ్మిన మనిషి, నా మాటకే చచ్చిపోతే? రెండు రోజులు అన్నం సహించలేదు.

పల్స్ తేదీకి మునిలక్ష్మి నడిచే వచ్చింది. ఆమెను చూడగానే ఏడుపొచ్చేసింది నాకు.

"శనివారం తిన్నావా?"

"రెండు ఇడ్లీ తిని మాత్ర యేసుకున్నాను. తలిగ నేనే వండినాను. సామి ఏమీ అనలా. ముందు మాత్ర ముట్టుకోనిది గూడా సామికి గాదు, మీ అరుపుకే బయపడినాను నేను."

ఇప్పుడు మాత్రలు చేతికిచ్చేటప్పుడు నేను అరవను. పక్కన కూర్చుని, ఏ రోజు తినరో ముందు అడుగుతాను.