కొండ ఎక్కితేనే నొప్పెట్టే పన్ను

2023 నవంబర్. అరకు నుంచి జీపులో ముప్పావుగంట పైకి వెళ్తే వచ్చే ఒక పల్లెలోని విలేజ్ హెల్త్ క్లినిక్‌లో నేను చేరి అప్పటికి ఏడాదిన్నర. కాగితాల మీద నా ఉద్యోగం పేరు ఎం.ఎల్.హెచ్.పి. డాక్టరు లేని చోట బీపీ, షుగర్ చూసి, చిన్న జబ్బులకు మందులిచ్చి, పెద్దవాటిని కనిపెట్టి కింది ఆసుపత్రికి పంపే నర్సు అని దానర్థం. ఊళ్ళో మాత్రం నేను సిస్టరమ్మను. క్లినిక్ రోడ్డు పక్కన ఉంటుంది. దాని వెనక ఇళ్ళు, ఇళ్ళ పైన కొండవాలులో సిల్వర్ ఓక్ చెట్ల నీడన కాఫీ తోటలు. ఆ నెలలో కాఫీ పళ్ళు ఎర్రబడతాయి. ఊరంతా తోటల్లోనే ఉంటుంది కనుక క్లినిక్‌కి వచ్చేవాళ్ళు తక్కువ. నాకు మాట తక్కువ, పుస్తకం ఎక్కువ. ఆ ఖాళీ నాకు బాధ కలిగించలేదు.

ఒక శనివారం పొద్దున్నే గురుబారి పెద్దమ్మ వచ్చింది. అరవైకి అటో ఇటో ఉంటుంది వయసు. ఇంటింటికీ తిరిగి రోగుల్ని క్లినిక్‌కి తీసుకొచ్చే మా ఆశ కార్యకర్త జమునకు ఆమె అత్త. శుక్రవారం సంతలో పసుపు, పిప్పళ్ళు అమ్ముతుంది. బేరంలో ఆమెను గెలిచిన షావుకారు ఇంతవరకూ కిందినుంచి కొండెక్కలేదని జమున అంటుంది.

"పన్ను నొప్పే గుంటా. ఈ పక్క" అని ఎడమ దవడ పట్టుకుంది.

ఆమెకు అడ్డపొగ అలవాటుంది. అంటే చుట్టను నిప్పు వైపు నోట్లో పెట్టుకుని కాల్చడం. మా వైపు ఆడవాళ్ళలో పెద్దవాళ్ళకు ఇది చాలామందికి ఉంది. దానివల్ల అంగిట్లో పుండ్లు, తెల్ల మచ్చలు వస్తాయి. ముందు నాకు ఆ భయమే కలిగి, టార్చి వేసి అంగిలి అంతా వెతికాను. మచ్చల్లేవు. పళ్ళు నా పళ్ళకంటే బాగున్నాయి. పారాసిటమాల్ ఇచ్చి, ఉప్పునీళ్ళు పుక్కిలించమని చెప్పి పంపేశాను. "పన్ను నొప్పి" అని రిజిస్టర్లో రాశాను. అంతటితో అయిపోయిందనుకున్నాను.

మరుసటి శనివారం మళ్ళీ వచ్చింది, జమునను వెంటబెట్టుకుని.

"నీ ఉప్పునీళ్ళు పులుసులోకి బాగున్నాయి. పన్ను మట్టుకు పీకించీసినాను" అని కొంగు ముడి విప్పి బల్ల మీద పెట్టింది. సంతలో పటకారుతో పళ్ళు పీకే మనిషి ఒకడున్నాడు. వాడి దగ్గర పీకించుకొచ్చిన దవడ పన్ను అది. తిప్పి చూశాను. పుచ్చు లేదు, పగులు లేదు. అంత మంచి పన్నును నేను చదువుకునే రోజుల్లో బొమ్మల్లోనే చూశాను.

"నొప్పి తగ్గిందా పెద్దమ్మా?"

"తగ్గనేదు. ఎదవ, మంచి పన్ను పీకీసినాడు. నొప్పెట్టీది దాని పక్కదై ఉంటాది. వచ్చే సంతకి దాన్ని కూడా పీకించీత్తాను."

"ఇప్పుడు సరిగ్గా ఎక్కడ నొప్పి?"

నోరు తెరిచి, పన్ను ఊడిన ఖాళీలో వేలు పెట్టింది. "ఇక్కడే."

"అక్కడ పన్ను లేదు కదా."

"నేదు. అయినా నొప్పెడతాది."

జమున నవ్వు ఆపుకోలేక గుమ్మం పట్టుకుంది. "మా అత్తకి ఉన్న పళ్ళు సాలవు సిస్టర్. లేనివి కూడా నొప్పెడతాయి!"

నేనూ నవ్వాను. పీకిన పుండు మానడానికి నాలుగు రోజులు పడుతుంది, అదే అయి ఉంటుందనుకుని ఈసారీ పారాసిటమాల్ ఇచ్చాను. వాళ్ళు వెళ్ళాక నా డైరీ తీశాను. రోగుల మాటల్ని నేను వాళ్ళన్నట్టే రాసుకుంటాను. రిజిస్టర్లో వాటికి గడి ఉండదు. "నేదు, అయినా నొప్పెడతాది" అని రాశాక కలం ముందుకు కదల్లేదు. పుండు నొప్పి పీకాక మొదలవ్వాలి. ఈమెకు పీకకముందు ఏ నొప్పి ఉందో పీకాక కూడా అదే నొప్పి. పన్ను పోయినా పోని నొప్పి పన్నుది కాదు.

నర్సింగు కాలేజీలో మా టీచరు ఒకమాట అనేవారు. గుండె తన బాధను తన చోటే చెప్పుకోవాలని రూలేమీ లేదు. ఎడమ చేతిలో చెప్పుకోవచ్చు, వీపులో, పొట్ట పైభాగంలో, దవడలో కూడా చెప్పుకోవచ్చు. ఆడవాళ్ళలో, షుగర్ ఉన్నవాళ్ళలో ఇలా దారి తప్పి చెప్పుకోవడం మరీ ఎక్కువ. పరీక్షలో ఈ ప్రశ్నకు నాకు మంచి మార్కులే వచ్చాయి. రెండు శనివారాలు ఆ దవడ నా ముందే కూర్చుంటే మాత్రం నాకు తట్టలేదు.

మర్నాడు తెల్లవారగానే వాళ్ళింటికి వెళ్ళాను. అప్పటికే తోటకు బయల్దేరిపోయారన్నారు. పరుగులాంటి నడకతో కొండ బాట పట్టాను. ఊరి పైన నీళ్ళ ట్యాంకు దగ్గర పెద్దమ్మ కనిపించింది. బుట్ట కింద పెట్టి, చుట్ట చేతిలో పట్టుకుని ట్యాంకు గోడకు ఆనుకుని ఉంది. చుట్ట వెలిగించలేదు. మంచు కురుస్తున్న ఆ చలిలో ఆమె నుదుటి నిండా చెమట.

"ఓలమ్మ, సిస్టరమ్మే! నువ్వేటి సేత్తన్నావే గుంటా ఈ కొండమీద? పళ్ళు కొయ్యడానికొచ్చినావేటి?"

చెయ్యి పట్టుకుని కూర్చోబెట్టాను. నాడి వేగంగా ఉంది. ఎడమ దవడ ఆమె అరచేతిలో ఉంది.

"పెద్దమ్మా, ఈ నొప్పి ఎప్పుడు వస్తుంది?"

"ఎక్కీటప్పుడు."

"దిగేటప్పుడు?"

"దిగీటప్పుడు రాదు. కూకున్నా రాదు. పన్ను పడుకుంటాది."

"నమిలితే?"

"ఏటీ నేదు. మొన్న కోడికూర బొమికలతో సహా నమిలీసినాను."

"మరి నాకు ఇదంతా చెప్పలేదేం?"

"నువ్వు అడగనేదు. ఎక్కడ అన్నావు, సూపించినాను."

ఆ మాట ఈ రోజుకీ నా చెవిలో ఉంది.

ముందు వెళ్ళిపోయిన జమున వెనక్కి వచ్చింది. "మా అత్త రోజూ ఇక్కడే సుట్ట ముట్టిస్తాది సిస్టర్. తోటకాడికొచ్చీదాకా ఆగలేదు, అంత యావ" అంది. పెద్దమ్మ చుట్టను కొంగులో దాచి మొహం తిప్పుకుంది. అప్పుడర్థమైంది. అది చుట్ట కోసం ఆగడం కాదు, ఆగినందుకు చుట్ట. ముసలిదైపోయిందని తోటి ఆడవాళ్ళు ఎగతాళి చేస్తారని ఆమె కనిపెట్టిన వంక.

"ముందునుంచీ ఇక్కడే ఆగేదానివా?"

"కాదే. కొత్తల పండగప్పుడు తోట పైకొసకెల్లినాక వచ్చీది. దీపాళికి అదిగో, ఆ పనస సెట్టు కాడ. ఇప్పుడు ట్యాంకు కాడే పట్టుకుంటంది." కొత్తల పండగంటే కొత్త పంట ఇంటికొచ్చినప్పుడు ఇక్కడివాళ్ళు చేసుకునేది, దీపావళికి ముందే వస్తుంది.

రెండు మూడు నిమిషాల్లో నొప్పి పోయింది. పైకి వెళ్తానని లేవబోతే బుట్ట జమున నెత్తిన పెట్టి, పెద్దమ్మను మెల్లగా కిందికి దించాను. సిగ్నల్ దొరికే చోట నిలబడి మా పీహెచ్‌సీ డాక్టరమ్మకు ఫోన్ చేశాను. వెంటనే తీసుకురమ్మన్నారు.

అక్కడ ఈసీజీ తీశారు. ఛాతీకి, కాళ్ళకు, చేతులకు తీగలు పెట్టి గుండె కొట్టుకునే తీరును కాగితం మీద గీసే పరీక్ష అది. గీతలన్నీ సరిగ్గా ఉన్నాయి. "నార్మల్" అన్నాడు తీసినతను. పెద్దమ్మ ఆ కాగితాన్ని సంతలో గెలిచిన సరుకులా ఊపింది. "సూసినావా? కాయితం మంచిదన్నాది. పదండి పదండి, పొద్దెక్కిపోతంది."

డాక్టరమ్మ నన్ను అడిగారు, ఎందుకు అనుమానించావని. నలుగురిలో నాకు గొంతు పెగలదు. డైరీ తీసి చదివాను. పీకిన పన్ను, ఎక్కేటప్పుడు రావడం, కూర్చుంటే పోవడం, తోట కొస, పనస చెట్టు, నీళ్ళ ట్యాంకు. చివరి మూడు మాటల దగ్గర ఆవిడ కలం ఆపేశారు.

"ఈసీజీ తీసినప్పుడు ఈమె పడుకుని ఉంది. పడుకున్న గుండెకు ఇబ్బందేముంది? ఇది యాంజైనా. నొప్పి రోజురోజుకీ తక్కువ శ్రమకే వస్తోందంటే ఆగకూడదు. రేపే విశాఖ పంపాలి."

గుండె కండరానికి రక్తం తెచ్చే ధమనుల లోపల కొవ్వు పేరుకుని దారి సన్నబడితే వచ్చే నొప్పే యాంజైనా. పెద్దమ్మకు నేను మా ఊరి పైపుతో చెప్పాను. కొండ పైన ఊట నుంచి ఊళ్ళోకి ఒక పైపు దిగుతుంది. దాన్లో బురద పడితే ఒక కుళాయికి నీళ్ళు చాలతాయి. అందరూ ఒక్కసారి తిప్పితే చాలవు. కొండెక్కడమంటే గుండె అన్ని కుళాయిలూ తిప్పడం.

ఆస్పిరిన్, కొలెస్ట్రాల్ మాత్రలు ఇచ్చి, నొప్పి వస్తే కూర్చుని నాలుక కింద పెట్టుకోమని ఒక చిన్న మాత్ర కూడా ఇచ్చారు. బట్టలు తెచ్చుకోవడానికి ఊరికి వచ్చాం. జీపు దిగి ఇంటికి నాలుగడుగులు ఎక్కేసరికి మళ్ళీ దవడ పట్టుకుంది. అరుగు మీద కూర్చోబెట్టి మాత్ర పెట్టాను. నొప్పి పోయింది.

"తల దిమ్మెక్కుతంది. పన్ను నొప్పి తలకెక్కించినావు" అంది. ఆ మాత్రతో అలా అవుతుంది. కాసేపటికి తేరుకుని, "నానెక్కడికీ ఎల్లను. తోటలో సగం పళ్ళు సెట్ల మీదున్నాయి. ఇంకో పది రోజులాగితే రాలిపోతాయి. అయి కోసీసి అప్పుడెల్తాను" అంది.

ఎవరైనా కాదంటే సరే అని లేచి రావడం నా అలవాటు. ఆ రోజు లేవలేకపోయాను. ఆ అరుగు మీద నుంచి కొండ బాట మొత్తం కనిపిస్తుంది. వేలు పెట్టి చూపించాను.

"కొత్తల పండక్కి అక్కడ. దీపావళికి అక్కడ. పొద్దున అక్కడ. ఇప్పుడు నీ వాకిట్లోనే. వచ్చే సంతకి ఎక్కడుంటుంది పెద్దమ్మా?"

ఆమె చూపు తోట కొస నుంచి పనస చెట్టుకు, అక్కడి నుంచి ట్యాంకుకు, ట్యాంకు నుంచి అరుగుకు దిగి వచ్చి, వెనకనున్న చీకటి గదిలో ఆమె చాప మీద ఆగింది. జమున వచ్చి అరుగు మీద ఆమె పక్కన కూర్చుంది.

"మరి పళ్ళో?" అంది చివరికి, చిన్న గొంతుతో.

"మేం కొయ్యమేటి? నువ్వు కొయ్యకపోతే కాఫీ పండ్డం మానీత్తాదేటి?" అంది జమున.

"నువ్వు కోత్తే పచ్చికాయలు కూడా దూసీత్తావు."

"దూత్తే దూత్తాను. తిట్టడానికైనా బేగి వచ్చీయ్."

వాళ్ళతో నేనూ విశాఖ వెళ్ళాను. అక్కడ యాంజియోగ్రామ్ చేశారు. మణికట్టు దగ్గర నుంచి సన్నని గొట్టాన్ని గుండె దాకా పంపి, రంగు మందు వదిలి, ధమనులను తెర మీద చూసే పరీక్ష. గుండె ముందు భాగానికి దిగే ముఖ్యమైన ధమని దాదాపు మూసుకుపోయి ఉంది. అప్పటికప్పుడే స్టెంట్ వేశారు. ధమనిని తెరిచి ఉంచే చిన్న వల గొట్టమది. ఇదంతా మెలకువలోనే జరుగుతుంది. దారి తెరుచుకుని రంగు చివరిదాకా పరుగెత్తినప్పుడు తెర వైపు చూస్తున్న పెద్దమ్మ "నీరు దిగినాది! నీరు దిగినాది!" అని అరిచిందట. లోపలున్న నర్సు బయటికొచ్చి, ఏ నీరని నన్ను అడిగింది. మా ఊరి పైపు నీరని చెప్పి ఏడుస్తూ నవ్వాను.

వార్డులోకి మార్చాక గుండె డాక్టరు గారు ఏమైనా అడగాలా అన్నారు. పెద్దమ్మ కొంగు ముడి తడుముకుని, "బాబూ, ఈ పన్ను మళ్ళీ పెట్టీగలరేటి?" అంది.

చుట్ట మానడానికి మాత్రం నాతో రెండు నెలలు పోట్లాడింది. ఇప్పుడు ఎండు ఉసిరి ముక్క బుగ్గన పెట్టుకుంటోంది. సంతలో పళ్ళు పీకే మనిషి ఎదురుగా పసుపు బుట్ట పెట్టుక్కూర్చుని, వచ్చినవాళ్ళను ఒక్కొక్కరినీ "నీ పన్ను ఎక్కీటప్పుడు నొప్పెడతాదా, తినీటప్పుడా?" అని అడిగేదట. తన గిరాకీ చెడగొడుతోందని వాడు జమునకు మొరపెట్టుకున్నాడు.

డాక్టరు కొండెక్కవచ్చన్న రోజున నేను మాత్ర చేతిలో పట్టుకుని వెంట నడిచాను. ట్యాంకు దాటింది. పనస చెట్టు దాటింది. జమున దూసిన పచ్చికాయల గురించి తోట కొస దాకా తిడుతూనే ఎక్కింది. ఆ తిట్లలో ఒక్కటీ మధ్యలో తెగలేదు. తిట్లను అంత ఆనందంగా వినడం నాకు అదే మొదటిసారి.

ఇది చదివేవాళ్ళకు నేను చెప్పగలిగింది కొంచెమే. బొడ్డు నుంచి దవడ దాకా ఎక్కడైనా సరే, శ్రమ చేస్తే వచ్చి, ఆగితే పోయే నొప్పి గాని, బరువు గాని, మంట గాని ఉంటే గ్యాస్ అనో, పన్ను అనో సరిపెట్టుకోకండి. ఈసీజీ ఒకసారి బాగుందని వదిలేయకండి. ఊరికే కూర్చున్నప్పుడు కూడా నొప్పి వచ్చి, చెమట పట్టి, కొన్ని నిమిషాల్లో తగ్గకపోతే ఇక ఆలోచించకుండా 108కి ఫోన్ చేయండి.

నాకు తెలిసివచ్చింది ఇంకొకటి ఉంది. ఎక్కడ నొప్పి అని అడగడం నాకు చదువు నేర్పింది. ఎప్పుడు వస్తుంది, ఏం చేస్తే పోతుంది, ముందు ఎక్కడ ఆగేవాడివి అని అడగడం పెద్దమ్మ నేర్పింది. కుర్చీలో కూర్చోబెట్టి అడిగితే అందరూ బాగానే ఉన్నామంటారు. అందుకే వారంలో రెండు పొద్దులు క్లినిక్ తెరవకముందే తోటలకు వెళ్ళేవాళ్ళతో కలిసి కొండెక్కుతున్నాను. నేను మాట్లాడనక్కర్లేదు, వెనక నడిస్తే చాలు. ఎక్కుడులో అబద్ధమాడడానికి ఎవరికీ ఊపిరి మిగలదు.